మా నాయన ఫోటోలో మా చిన్నాయన

మొన్న మా మనవరాలు ఫోన్‌లో ఫోటో తీస్తానని వాకిట్లో కుర్చీ వేసి నన్ను కూచోబెట్టింది. నేను కొంగు సర్దుకుని, మెడ నిక్కబెట్టి, చేతులు రెండూ ఒళ్లో పెట్టుకుని కూచున్నాను. అది తీసింది, చూసుకుంది, విరగబడి నవ్వింది.

"ఏంది అవ్వా, దొంగను పట్టుకొచ్చి ఠాణాలో కూచోబెట్టినట్టు ఉండావు? ఊరికే ఉన్నట్టు ఉండు."

"ఊరికే ఉండటం నాకెట్ట వస్తాదే? ఆ పని మీ తాత ఒక్కడికే చేతనయ్యేది," అన్నాను.

మళ్లీ తీసింది. మళ్లీ దొంగే వచ్చింది. "మీ కాలం వాళ్లంతా ఇంతే. ఫోటో అంటే చాలు, కట్టెలైపోతారు. ఎందుకట్టా?" అని అడిగి, జవాబు వినకుండానే లోపలికి పోయింది. ఈ కాలం పిల్లలు ప్రశ్న వేసేది జవాబు కోసం కాదు, లేచిపోవడానికి.

నేను మాత్రం ఆ కుర్చీలోనే ఉండిపోయాను. ఫోటోలో మనిషి కొయ్యబారిపోవడానికి నాకు తెలిసిన కారణాలు చాలానే ఉన్నాయి. ఎరవు తెచ్చుకున్న చొక్కా అయితే మెడ దగ్గర పట్టేస్తుంది. కొత్త చెప్పులైతే కాళ్లు ఎక్కడ పెట్టుకోవాలో తెలియదు. కదిలితే పాడైపోతుందని ఫోటో తీసేవాడు బెదిరిస్తే, అసలే బెదురుగొడ్డులాంటి మనిషి ఊపిరి పీల్చడం కూడా మానేస్తాడు. ఇవన్నీ నవ్వుకునే కారణాలు. మా చిన్నాయన ఫోటోలో అట్లా ఎందుకున్నాడో ఆ కారణం మాత్రం వేరు. ఆయన తన జన్మలో ఒక్కసారే ఫోటోకి కూచున్నాడు. అదీ ఆయన ఫోటో కాదు. మా నాయనది.

మాది ఉదయగిరి కొండ కింద చిన్న ఊరు. మా నాయనా చిన్నాయనా చెరొక బండి తోలేవాళ్లు. ఇక్కణ్ణుంచి చింతపండు, వేరుశనక్కాయలు, కాలమొస్తే కొండ మీది సీతాఫలాలు ఆత్మకూరు సంతకు వేసుకుపోయేవాళ్లు. వచ్చేటప్పుడు ఉప్పు, బెల్లం, కిరసనాయిలు. తిరిగొచ్చిన బండికి ఒక వాసన ఉండేది. ఇరుసుకు పూసిన కందెన, ఎద్దుల చెమట, బెల్లపు బస్తా, అన్నీ కలిసిన వాసన. ఎండకు బెల్లం కరిగి బస్తాలోంచి కారి బండి పలకకు అంటుకునేది. ఎద్దులను విప్పీ విప్పకముందే మేం పిల్లలం బండి ఎక్కి ఆ పలకను నాకేవాళ్లం. నాలుకలో పేడు గుచ్చుకుని ఏడ్చిన పిల్లలూ ఉన్నారు. నేను ఏడవలేదు. పేడు పక్కకు ఊసి మళ్లీ నాకాను.

అన్నదమ్ములిద్దరూ ఒకే అచ్చులో పోసిన బెల్లం దిమ్మలు. అదే ముక్కు, అదే నుదురు, అదే మీసకట్టు. దూరం నుంచి చూస్తే మా అమ్మ కూడా పోల్చుకోలేకపోయేది. దగ్గరికొచ్చి నోరు తెరిస్తే మాత్రం ఎవరెవరో గొడ్లకు కూడా తెలిసిపోయేది. మా నాయన నోరు మూతపడేది కాదు. మా చిన్నాయన నోరు తెరుచుకునేది కాదు.

ఆ రోజుల్లో మా దోవన బొగ్గు బస్సు నడిచేది. వెనకాల పొయ్యి, పొయ్యిలో బొగ్గులు, ఆ పొగతో నడిచే బస్సు. మిట్ట వచ్చిందంటే దానికి ప్రాణం మీదికి వచ్చేది. జనమంతా దిగి నిలబడితే, క్లీనరు చెమటలు కక్కుతూ పొయ్యి రాజేసేవాడు. అప్పుడు మా నాయన బండి నింపాదిగా దాని పక్కకు వచ్చి ఆగేది.

"కండక్టరయ్యా, మా ఎద్దుల్ని కట్టమంటావా? గడ్డి కూడా మాదే. మా ఎద్దులకు మాత్రం టిక్కెట్టు కొట్టకూడదు, ముందే చెప్తా ఉండా."

జనం గొల్లుమనేవాళ్లు. వెనక బండిలో మా చిన్నాయన తువ్వాలు నోటికి అడ్డం పెట్టుకుని, ముఖం అటు తిప్పుకుని నవ్వేవాడు. అన్న ఎదుట పళ్లు కనబడేట్టు నవ్వకూడదని ఆయనకు ఎవరూ చెప్పలేదు. అయినా అట్లా నవ్వేవాడు కాదు. అన్న మంచం మీద కూచుంటే తను నేల మీద, గుంజకు ఆనుకుని. ఖాళీగా ఉన్న మంచమైనా సరే, అది అన్న కూచునే మంచమని నేలమీదే కూచునేవాడు. మా నాయన ఊరుకునేవాడా?

"ఒరే, మంచం నిన్ను కరవదురా. నేను పదేళ్లుగా పండుకుంటా ఉండాను, ఒక్కసారి కూడా కరవలా."

చిన్నాయన తువ్వాలు నోటికి పోయేది, అంతే.

అన్నానికి కూచుంటే మా అవ్వ వంతు. అవ్వ అంటే మా నాయన తల్లి. సజ్జ సంగటి, ఊరిబిండి, వారానికొకసారి పులుసు. "అమ్మా, ఈ పులుసులో ఉప్పు ఏసినావా, లేకుంటే ఉప్పు బస్తా మీద నుంచి దాటించినావా?" అనేవాడు నాయన. అవ్వ గరిటెతో నెత్తిన మొట్టేది. ఆ గరిటె మా ఉదయగిరి చెక్క గరిటె. మొట్టినా నొప్పి పుట్టదు, చప్పుడు మాత్రం బాగా వస్తుంది.

ఆ నోరు నాకూ వచ్చిందని అందరూ అనేవాళ్లు. నా వేళాకోళమంతా చిన్నాయన మీదే. వెనకనుంచి వెళ్లి "నాయనా" అని పిలిచేదాన్ని. ఆయన ప్రతిసారీ తిరిగి, ఎంతో నిజాయితీగా, "నేను కాదు పాపా, చిన్నాయన్ని" అనేవాడు. ఎన్నిసార్లు పిలిచినా విసుక్కోలేదు. నేను నిజంగానే పొరబడ్డాననుకునేవాడు, పాపం.

ఒక ఎండాకాలం మా వైపు వాంతిభేదులు వచ్చాయి. పొద్దున బండి కట్టబోయిన మా నాయన, కట్టకుండానే వెనక్కి వచ్చి మంచం మీద పడ్డాడు. పొద్దు వాలేసరికి పోయాడు. ఆ రోగంతో పోయినవాళ్లను ఇంట్లో ఉంచనిచ్చేవాళ్లు కాదు. పిల్లలను పక్క వీధికి తరిమేశారు. అమ్మను ఆడవాళ్లు పట్టుకున్నారు. చిన్నాయనా, ఇంకెవరో ధైర్యస్థులూ కలిసి మోసుకుపోయి సున్నం చల్లి పూడ్చేశారు.

మా అవ్వ అప్పుడు ఊళ్లో లేదు. సంగం దగ్గర మా మేనత్త ఊళ్లో వరికోతలకు సాయం పోయింది. కబురు అంది, బస్సు దొరికి, ఆమె వచ్చేసరికి గుంట మీద మట్టి ఎండి పగుళ్లిచ్చింది. కొడుకు కడచూపు ఆమెకు దక్కలేదు.

అవ్వ గుండెలు బాదుకుంటుందని అందరూ ఎదురుచూశారు. బాదుకోలేదు. తిన్నె మీద కూచుని, వచ్చిన ప్రతివాళ్లనూ ఒకటే అడిగింది.

"ముఖం ఎట్ట ఉండింది?"

ఎవరు చూశారు గనక చెప్పడానికి. అందరూ చిన్నాయన వైపు చూసేవాళ్లు.

"నిద్దరపోయినట్టు ఉండినాడమ్మా," అనేవాడు ఆయన.

అవ్వ నమ్మేది కాదు. మళ్లీ అడిగేది. "కండ్లు మూసినారా? నోరు తెరుచుకుని ఉండిందా? నన్నేమన్నా అడిగినాడా?" ఆయన నేల చూస్తూ మళ్లీ అదే చెప్పేవాడు. అవ్వ కళ్లకు అప్పటికే పొర కమ్ముతోంది. దీపం చుట్టూ రంగులు కనిపిస్తున్నాయనేది. "ఈ కండ్లు పూర్తిగా పొయ్యేలోపల ఒక్కసారి పెద్దోడి ముఖం చూసుకుంటే చాలు," అనేది. ఉన్న కోరిక అదొక్కటే. లేని ముఖాన్ని ఎవరు తెచ్చి చూపిస్తారు?

అమ్మ కూలికి పోవడం మొదలుపెట్టింది. తమ్ముణ్ణీ, మేకలనూ, అవ్వనూ చూసుకోవడానికి నేను బడి మానేశాను. నేను బడి మానినందుకు సంతోషించింది ఇద్దరే. నేనూ, మా అయ్యవారూ.

అట్లాంటప్పుడు గాజులమ్ముకునే ఆమె ఒకామె మా తిన్నె మీద గంప దించింది. అవ్వ ఆమెనూ పట్టుకుంది. ఆమె అంతా విని, "ఫోటో లేకుంటే ఏందమ్మా, పోలిక ఉండే మనిషి లేడా?" అంది. వాళ్ల వైపు అట్లా చేస్తారట. పోయినవాడికి ఫోటో లేకపోతే, ఆ పోలిక ఉన్న తమ్ముణ్ణో కొడుకునో కూచోబెట్టి, పోయినవాడి బట్టలు తొడిగి, ఫోటో తీయించి గోడకు పెట్టుకుంటారట. "నాలుగు దినాలు పోతే ఆయనే అయిపోతాడు," అంది ఆమె. నా చేతికి ఆకుపచ్చ గాజులు రెండు తొడిగి గంప ఎత్తుకుని పోయింది. మా ఇంట్లో నిప్పు పెట్టి పోయినట్టయింది.

అవ్వ ఆ సాయంత్రమే చిన్నాయనను పిలిచింది. ఆయన కాదనలేదు. ఆయన ఎవరికీ ఏదీ కాదన్నవాడు కాదు. కాదన్నది మా చిన్నమ్మ. పక్క ఇంట్లోంచి చంకలో బిడ్డతో అట్లాగే వచ్చి నడివాకిట్లో నిలబడింది.

"ఏందత్తా, బతికుండే మనిషిని పోయినోడి మాదిరి గోడకు కొడతావా? దండేస్తావా? దీపం పెడతావా? నా తాళి నీకేం చేసింది?"

"దండ ఎయ్యను లేవే."

"ఇయ్యాళ ఎయ్యవు. రేపు పెద్దల పండగకు ఎయ్యవా?"

"ఎయ్యనని చెప్తా ఉండా గదా. నాకు వాడి ముఖం కావాల. అంతే. నీ మొగుడు నీకే ఉంటాడు. నీకు బిడ్డలుండారు, నీకు తెలవదా?"

చిన్నమ్మ ఆ మాటకు తగ్గింది. తగ్గినా వదలలేదు. పేట దర్గాకు పోయి మొక్కుకుని వచ్చింది. పోయే రోజు పొద్దున చిన్నాయన రెండు చేతుల బొటనవేళ్లనూ తనే మడిచి, వాటి మీద పిడికిళ్లు బిగించింది.

"ఆ డబ్బా ముందర కూచున్నంతసేపూ ఇట్టనే పెట్టుకో. ఏలు లోపలుంటే పానం లోపలుంటాది. ఎవరు చెప్పినా తియ్యబాక."

"సరే," అన్నాడాయన.

అమ్మ లోపలినుంచి నాయన చొక్కా మడత పెట్టి తెచ్చింది. నాయన పోయిన తర్వాత దాన్ని ఉతకలేదు. "గుండీ ఒకటి ఊడి ఉండింది, కుట్టినాను" అని మాత్రం అంది. నాయన తలగుడ్డ, ఎర్రంచు పంచె, చర్నాకోల కూడా ఇచ్చింది. అవ్వ నన్ను బయల్దేరదీసింది. "నువ్వు రా మే. వాడు నవ్వడు. పెద్దోడు నవ్వుతా ఉండేవాడు. నవ్వించేది నువ్వే."

ఆత్మకూరు పోయేదాకా బొగ్గు బస్సు రెండు మిట్టల దగ్గర ఆగింది. మేం కూడా దిగి నిలబడ్డాం. పక్కనుంచి ఏ బండీ రాలేదు. చిన్నాయన దోవ వెనక్కి చూస్తూ నిలబడ్డాడు.

ఫోటో కొట్టు బజారులో ఒక మిద్దె మీద. లోపల ఏదో మందు వాసన, ముక్కు మండేట్టు. గోడకు పెద్ద గుడ్డ వేలాడుతోంది. దాని మీద చెరువు, చెరువులో హంసలు, పాలరాతి మెట్లు. అవ్వ గుడ్డకు ముక్కు ఆనించి చూసింది.

"ఇదేందయ్యా, నా కొడుకు బండి తోలేవాడు. ఎద్దుల గుడ్డ లేదా?"

"ఎద్దులు లేవమ్మా, హంసలే ఉన్నాయి," అన్నాడు ఫోటో ఆయన.

"అవ్వా, హంసలకు కాడి కడదామా?" అన్నాను నేను.

ఫోటో ఆయన నవ్వాడు. అవ్వ నవ్వలేదు. చిన్నాయన బట్టలు మార్చుకోవడానికి తెర వెనక్కి పోయాడు. పోయినవాడు ఎంతకీ రాలేదు. నేను తొంగిచూశాను. చొక్కా తొడుక్కుని, చెయ్యి పైకెత్తి, దాని మోచేతి దగ్గర ముక్కు పెట్టుకుని నిలబడి ఉన్నాడు. కందెన, బీడీ, ఆముదం. ఆ వాసన నాకూ తెలిసింది.

"పాపా," అన్నాడు నెమ్మదిగా, "అన్న ఈడనే ఉండాడు."

నేను తెర దించేసి వెనక్కి వచ్చేశాను.

కుర్చీలో కూచోబెట్టారు. చేతుల కుర్చీ, ఎర్ర దిండు. ఆయన దాని అంచున కూచున్నాడు, ఎవరో వచ్చి లేవమంటే తక్షణం లేచేట్టు.

"పెద్దోడు అంచున కూచోడు. ఎనక్కి ఆనుకోరా," అంది అవ్వ.

జరిగాడు. ఫోటో ఆయన నల్లగుడ్డ కప్పుకునేలోపల మళ్లీ అంచుకు వచ్చేశాడు. మళ్లీ జరిపారు. మళ్లీ వచ్చాడు.

"చిన్నాయనా, అది ఫోటో ఆయన కుర్చీ. నాయనది కాదు," అన్నాను.

"చొక్కా అన్నది గదా పాపా."

ఫోటో ఆయనకు పిడికిళ్లు నచ్చలేదు. "చేతులు విప్పి మోకాళ్ల మీద పెట్టండి," అంటాడు. ఆయన విప్పడు. ఫోటో ఆయన స్వయంగా వచ్చి వేళ్లు విప్పబోయాడు. మా చిన్నాయన చేతులు పగ్గాలు పట్టిన చేతులు, అవి విప్పడం ఫోటో ఆయన తరమా? చివరికి ఒక పిడికిట్లోకి చర్నాకోల దూర్చి సరిపెట్టాడు. రెండో చెయ్యి అట్లాగే, దెబ్బలాటకు పోయేవాడి మాదిరి.

"మీసం కాస్త పైకి. తలగుడ్డ పక్కకు. ఇంకా పక్కకు." అవ్వ ఒక్కొక్కటే సర్దుతోంది. ఆ పొరకమ్మిన కళ్లతో ఏం చూస్తోందో గానీ, సర్దేకొద్దీ నాకు భయమేసింది. సర్దేకొద్దీ చిన్నాయన పోతున్నాడు. నాయన మాత్రం రావడం లేదు.

"ఊఁ, నవ్వించు," అంది నాతో.

ఫోటో ఆయన గుడ్డ కింద దూరాడు. నేను కెమెరా పక్కన నిలబడి, నడుం మీద చెయ్యి పెట్టుకుని, గొంతు పెంచి, మా నాయన గొంతుతో అన్నాను:

"కండక్టరయ్యా, మా ఎద్దుల్ని కట్టమంటావా? గడ్డి కూడా మాదే. మా ఎద్దులకు మాత్రం టిక్కెట్టు కొట్టకూడదు."

చిన్నాయన పెదవులు విచ్చుకున్నాయి. నవ్వు వచ్చింది. నవ్వు వస్తే ఆయన చెయ్యి తువ్వాలు కోసం భుజం మీదికి పోవాలి. పోబోయింది. భుజం మీద తువ్వాలు లేదు. "చెయ్యి కదపొద్దు!" అని నల్లగుడ్డ కిందనుంచి కేక. చెయ్యి టక్కున మోకాలి మీద పడింది. దాచుకునే చోటు లేక ఆ నవ్వు ముఖం మీదే నిలబడిపోయింది. నిలబడ్డది నిలబడ్డట్టే వంకరపోయింది. కళ్లలో నీళ్లు తిరిగాయి. అప్పుడే ఫోటో ఆయన తీసేశాడు.

కొన్నాళ్లకు ఆ ఫోటోను బస్సు కండక్టరు కాగితంలో చుట్టి తెచ్చి ఇచ్చాడు. అవ్వ దాన్ని ఎండలోకి తీసుకుపోయింది. కంటికి ఆనించింది, దూరం పెట్టింది, పక్కకు వంచింది. మేమంతా చుట్టూ నిలబడ్డాం. చిన్నమ్మ తన గడప మీద నిలబడింది. చిన్నాయన గుంజ దగ్గర.

"పెద్దోడే," అంది అవ్వ.

అందరం ఊపిరి పీల్చుకున్నాం. అవ్వ వేలితో ఆ కళ్లను తడిమింది.

"ఏందిరా నాయనా, ఇంత బెదిరిపోయి ఉండావు?" తల ఎత్తి చిన్నాయన ఉన్న వైపు తిరిగింది. "పొయ్యే గడియలో ఇట్టనే ఉండినాడు గదా? నిద్దరపోయినట్టు ఉండినాడని నువ్వు అబద్ధం చెప్పినావు. నా కోసం చూసినాడు గదా?"

చిన్నాయన నేల చూశాడు. "అవునమ్మా," అన్నాడు.

మా అమ్మ దాన్ని ఒక్కసారి చూసింది. "ఆయన నవ్వితే పండ్లన్నీ కనపడేవి," అని పొయ్యి దగ్గరికి పోయింది. మళ్లీ ఎన్నడూ దాని వైపు చూడలేదు.

అవ్వ మాట తప్పలేదు. దండ వేయలేదు, దీపం పెట్టలేదు. పెద్దల పండగ రోజు కూడా చిన్నమ్మ కాపలా కాచినట్టు మా గడపలోనే కూచుంది. ఫోటో గోడ మీద ఉత్తగానే ఉండిపోయింది. వచ్చిపోయేవాళ్లు చూసి, "ఎవరాయన, ముల్లు మీద కూచున్నట్టు ఉండాడు?" అనేవాళ్లు. చిన్నాయన మా ఇంటికొస్తే ఆ గోడకు వీపు పెట్టి కూచునేవాడు.

రెండేళ్లు తిరక్కుండానే అవ్వ కళ్లు పూర్తిగా పోయాయి. ఫోటోతో ఇక ఆమెకు పనిలేకపోయింది. ఒక రోజు చిన్నాయన గడ్డిమోపు దించి లోపలికి వస్తున్నాడు. అడుగుల చప్పుడు విని అవ్వ ముఖం వెలిగింది.

"పెద్దోడా, వచ్చినావా?"

"చిన్నోణ్ణమ్మా."

ఆ వెలుగు ఆరిపోవడం మేమంతా చూశాం. ఆయనా చూశాడు. మర్నాడు మళ్లీ పిలిచింది. ఆయన మాట్లాడలేదు. ఆ మర్నాడు, "వచ్చినానమ్మా" అన్నాడు.

అప్పటినుంచి రోజూ వచ్చి మా నాయన మంచం మీద, అదే అంచున, అవ్వ పక్కన కూచునేవాడు. నాయన మాటలు చెప్పేవాడు. ఉప్పు బస్తా మాట, ఎద్దుల మాట. ఆయనకు వేళాకోళం చేతనవునా? టిక్కెట్టు ముందే కొట్టేసి, ఎద్దులను తర్వాత కట్టేవాడు. నేను లోపలినుంచి అరిచేదాన్ని, "టిక్కెట్టు చివర్న రావాల!" అని. అవ్వ ఎటు చెప్పినా నవ్వేది. బండి తోలుకుంటూ దోవలో ఒంటరిగా ఆ మాటలే చెప్పుకునేవాడని, ఎదురైనవాళ్లు పిచ్చి పట్టిందేమో అనుకునేవాళ్లని చిన్నమ్మ చెప్పేది.

మరి చిన్నోడు ఏమైనట్టు? అవ్వ అదీ అడిగేది.

"చిన్నోడు ఈ పక్కకే రాడేందిరా? నా మీద కోపమా?"

"బండి మీద పోయినాడమ్మా. ఆత్మకూరు."

"ఎప్పుడు చూసినా ఆత్మకూరేనా? ఆ సంతలోనే కాపురం పెట్టినాడా?"

"వస్తాడులే."

ఒకనాడు చిన్నమ్మ మా వాకిట్లో చేట పడేసి లోపలికి వచ్చింది. అవ్వకు వినబడకుండా గొంతు తగ్గించి, మా అమ్మతో అంది.

"అక్కా, దండ ఎయ్యం అన్నారు, ఎయ్యలా. నిజమే. ఇంటికొచ్చినా పెద్దాయన మాదిరే దగ్గుతా ఉండాడు. పెద్దాయన మాదిరే మీసం తిప్పుతా ఉండాడు. బిడ్డ పిలిస్తే పలకడు, పెద్దోడా అంటే పలుకుతాడు. మీరు బతికుండే మనిషినే పూడ్చిపెట్టినారు."

అమ్మ చిన్నాయనను వాకిట్లోకి పిలిచింది.

"అబ్బయా, చాలించు. నువ్వెవరో ఆమెకు చెప్పు. నీ పెండ్లాం ఏడుస్తా ఉండాది."

ఆయన తువ్వాలు అంచు నలిపాడు.

"చెప్తే అన్న రెండోసారి పోతాడు వదినా."

చిన్నమ్మ చేట తీసుకుని పోయింది.

నాకు సంబంధాలు చూస్తున్న ఏడాది, ముసురు పట్టిన రోజుల్లో అవ్వ మంచం పట్టింది. గంజి కూడా మింగలేదు. ఒక మధ్యాహ్నం వాన తెరిపిచ్చింది. అమ్మా నేనూ కాళ్ల దగ్గర, చిన్నాయన తల దగ్గర. చిన్నమ్మ గడప దగ్గర పిల్లలతో. అవ్వ చిన్నాయన చెయ్యి పట్టుకుని ఉంది.

"పెద్దోడా."

"ఉండానమ్మా."

"నీకు నేను లేకపోతిని. నువ్వు మాత్రం నాకు ఉండావు. చాలు." కాస్సేపు ఊపిరి కోసం ఆగింది. "చిన్నోణ్ణి పిలవండి. వాడి చెయ్యి ఒకసారి ఇయ్యండి నాకు. ఎన్నాళ్లయిందో వాణ్ణి తాకి."

ఆయన చెయ్యి ఆమె చేతిలోనే ఉంది. మా అమ్మ నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. గడప దగ్గరనుంచి చిన్నమ్మ, "చెప్పు. ఇప్పుడన్నా చెప్పు," అంది. ఆయన నోరు తెరిచాడు. పెదవులు అటూ ఇటూ పోయాయి. ఆ ఫోటోలో ముఖమే మళ్లీ వచ్చి ఆయన మీద కూచుంది. చిన్నోణ్ణని చెప్తే, చివరి గడియలో ఆమె చేతిలో ఉన్న పెద్దోణ్ణి లాక్కున్నట్టు. చెప్పకపోతే చిన్నోడు రానట్టు.

"దోవలో ఉండాడమ్మా," అన్నాడు. "బండి కనబడతా ఉండాది. వస్తా ఉండాడు."

అవ్వ తల వాకిలి వైపు తిప్పింది. చూపులేని కళ్లను గడప మీదనే పెట్టుకుంది. అట్లా చూస్తూ చూస్తూనే పోయింది. ఇద్దరు కొడుకుల్లో ఏ ఒక్కడి కడచూపూ ఆమెకు దక్కలేదు. ఒకడు మట్టిలో ఉన్నాడని. ఒకడు పక్కనే ఉన్నాడని.

అమ్మ బావురుమంది. చిన్నాయన ఏడవలేదు. వంగి, అవ్వ చెవి దగ్గర నోరు పెట్టి, "అమ్మా, చిన్నోణ్ణి. వచ్చినాను," అన్నాడు. ఇంకోసారి చెప్పాడు. చిన్నమ్మ వచ్చి భుజం పట్టుకుని లేపేదాకా చెబుతూనే ఉన్నాడు.

ఆ తర్వాత ఆయన చాలా ఏళ్లు బతికాడు. నాయన మాటలు మళ్లీ చెప్పలేదు. దగ్గు కూడా ఆయన దగ్గే అయింది. పెళ్లిళ్లలో ఫోటో తీసేవాడు వచ్చాడంటే, ఎద్దులకు నీళ్లు పెట్టాలని వెళ్లిపోయేవాడు. ఎద్దులు పోయి బండి మూలపడ్డ తర్వాత కూడా అదే చెప్పి వెళ్లిపోయేవాడు. నాకు మా నాయన ముఖం తలుచుకుంటే రావడం మానేసింది. కుర్చీ అంచున కూచున్న ఆ మనిషే వస్తాడు. అంత నవ్విన నాయన, ఒక్క నవ్వు కూడా నాకు మిగల్చకుండా పోయాడు.

చిన్నాయన పోయిన రోజు ఆయన కొడుకులు నా దగ్గరికి వచ్చారు. తలాపున పెట్టుకోవడానికి మా పుట్టింటి గోడ మీది ఆ ఫోటో ఇమ్మని. "ఎంతైనా అందులో ఉండేది మా నాయనే గదక్కా," అన్నారు. నేను తీయబోయాను. చిన్నమ్మ విని వద్దంది.

"అది పెద్దాయనది. ముట్టుకోబాకండి. నాకు ఫోటో పనిలేదు. మీరంతా కొంచెంసేపు బయటికి పోండి. నేను చూసుకోవాల."

మోసేవాళ్లు వచ్చి ఉన్నారు. తొందరగా ఎత్తాలని పెద్దవాళ్లు గొణుగుతున్నారు. అయినా అందరం బయటికి నడిచాం. నేను తలుపు దగ్గరగా వేస్తూ చూశాను. చిన్నమ్మ ఆయన ముఖం మీది గుడ్డ తీసేసి, పక్కన నేలమీద చతికిలబడి, రెప్ప వేయకుండా చూస్తోంది. అప్పుడు ఆ ముఖంలో ఎక్కడా బెదురు లేదు. మా నాయన పోలికా లేదు. ఎవరికోసమూ కూచోవలసిన పని తీరిపోయిన మనిషి ముఖం.

ఎండ మా నెత్తి మీదికి వచ్చింది. ఎవరమూ తలుపు తట్టలేదు.